తెర ముందు ప్రశ్నలు: పదకొండు నిమిషాల ఆసు, కదలని నీడ

ఈ నెల వచ్చిన ఉత్తరాలలో ఎక్కువ భాగం ప్రయోగాత్మక లఘుచిత్రాల గురించే ఉన్నాయి. అవి దాదాపు అన్నీ నల్లగొండ, పాలమూరు వైపు నుంచే వచ్చాయి. అందుకే ఈసారి శీర్షికను పూర్తిగా వాటికే కేటాయించాను. ఉత్తరాలను కొంత కుదించాను. రాసినవారి కోరిక మేరకు పేర్లు వేయడం లేదు.

ప్రశ్న: మా ఊళ్లో యూట్యూబ్‌లో పెట్టే ప్రతి లఘుచిత్రాన్నీ ‘ఇండిపెండెంట్ సినిమా’ అంటున్నారు. అందులో ఎవరూ మాట్లాడకపోతే ‘ప్రయోగం’ అంటున్నారు. కొందరు ‘అండర్‌గ్రౌండ్’ అనే మాట కూడా వాడుతున్నారు. ఇవన్నీ ఒకటేనా? (ఒక పాఠకుడు, మిర్యాలగూడ)

జవాబు: ఒకటి కావు. మొదటిది డబ్బుకు, మూడోది జనాన్ని చేరే దారికి, మధ్యది రూపానికి సంబంధించిన మాటలు. నిర్మాణ సంస్థల పెట్టుబడి లేకుండా తీసిన చిత్రం స్వతంత్ర చిత్రం; అందులో ప్రేమకథ, ఫైటు, చెల్లెలి పెళ్లి అన్నీ మామూలు సినిమాలో లాగానే ఉండవచ్చు. పంపిణీదారునీ థియేటరునూ నమ్ముకోకుండా చేతి నుంచి చేతికి, గది నుంచి గదికి తిరిగే చిత్రాన్ని అండర్‌గ్రౌండ్ అంటారు. ఇక ప్రయోగాత్మక చిత్రం ‘ఏం చూపాలి’ అనే ప్రశ్నతో పాటు ‘ఎలా చూపితే ఇది కనబడుతుంది’ అనే ప్రశ్నను కూడా తన మీద వేసుకుంటుంది. ఎవరూ మాట్లాడనంత మాత్రాన అది ప్రయోగం కాదు. చాలాసార్లు మైకు లేకపోవడమే ఆ మౌనానికి కారణం.

అండర్‌గ్రౌండ్ అనే మాట 1960ల న్యూయార్క్‌లో స్థిరపడింది. లిథువేనియా నుంచి శరణార్థిగా అమెరికా చేరిన జోనాస్ మెకాస్, 1962లో తోటి దర్శకులతో కలిసి అక్కడ ఒక సహకార సంఘాన్ని నెలకొల్పాడు. ఎవరు చిత్రం తెచ్చినా తీసుకోవడం, ఎంపిక సంఘం లేకపోవడం, అద్దెగా వచ్చే సొమ్ములో పెద్ద వాటా తీసినవారికే ఇవ్వడం దాని పద్ధతి. మన చేనేత సహకార సంఘాలు తెలిసినవారికి ఈ ఏర్పాటు కొత్తగా తోచదు. కాకపోతే అక్కడ చీర అంచు వంకర పోయిందని తిప్పి పంపే గుమస్తా లేడు. ఆ స్వేచ్ఛ ఊరికే దక్కలేదు. 1964లో ఒక చిత్రాన్ని ప్రదర్శించినందుకు అశ్లీలత నేరం మోపి పోలీసులు మెకాస్‌ను అరెస్టు చేశారు.

మన దేశంలో కథ కొంత తలకిందులుగా నడిచింది. ఇక్కడ తొలి ప్రయోగాలు కొన్ని ప్రభుత్వ జీతం మీదనే జరిగాయి. 1948లో ఏర్పడిన ఫిల్మ్స్ డివిజన్‌లో, అరవైలలో, ప్రమోద్ పతి, ఎస్.ఎన్.ఎస్. శాస్త్రి వంటి దర్శకులు కుటుంబ నియంత్రణ, పంచవర్ష ప్రణాళికల చిత్రాల మధ్యనే సందు చేసుకొని విచిత్రమైన పనులు చేశారు. పతి 1968లో తీసిన ఏడు నిమిషాల ‘ఎక్స్‌ప్లోరర్’లో వ్యాఖ్యాత గొంతే వినబడదు, దృశ్యాలు రెప్ప వేసేలోగా మారిపోతుంటాయి. ఆ సంస్థ చిత్రాలను ప్రధాన సినిమాకు ముందు వేయడం అప్పట్లో థియేటర్లకు తప్పనిసరి. మా చిన్నతనంలో టాకీసు ముందు ‘న్యూస్‌రీల్ అయిపోయినాక పోదాం’ అంటూ పల్లీలు నములుతూ నిలబడ్డ మగవాళ్లు నాకు బాగా గుర్తు. చట్టం తెర మీద చోటిచ్చినా చూసేవాళ్లు వాకిట్లోనే ఉండిపోయారు కనుక, మన దగ్గర ప్రయోగం బయటనే ఉండి కూడా అజ్ఞాతంలోనే గడిపిందని నేను అనుకుంటాను.

ప్రశ్న: మాది చేనేత కుటుంబం. అమ్మ ఆసు పోస్తుంటే ఎదురుగా ఫోను పెట్టి, ఒకే షాట్‌గా పదకొండు నిమిషాలు తీశాను. ఏడో నిమిషంలో అమ్మ తల తిప్పకుండానే “ఇంక ఎంతసేపు తీస్తవ్ కొడుకా, నాకు చెయ్యి గుంజుతుంది” అన్నది. ఆ మాట వినబడకుండా చేసి, మొత్తం మీద వేణువు సంగీతం కలిపాను. స్నేహితులేమో రెండు నిమిషాలకు కుదించమంటున్నారు. ఏది సరైనది? (ఒక డిగ్రీ విద్యార్థి, సంస్థాన్ నారాయణపురం మండలం)

జవాబు: ముందుగా వేణువును తీసేయండి. ఆ తరువాత మీ అమ్మగారి మాటను ఎక్కడ నుంచి తీశారో అక్కడనే తిరిగి పెట్టండి. మీరు పంపిన చిత్రాన్ని రెండుసార్లు చూశాను. ఉత్తరంలో మీరు రాసిన ఆ ఒక్క వాక్యం, చిత్రంలో ఉన్న మిగతా అన్నింటికన్నా బలంగా ఉంది.

ఈ పని చూడని పాఠకుల కోసం రెండు మాటలు చెప్పాలి. పోచంపల్లి, పుట్టపాక వైపు నేసే చీరలలో రంగు బట్ట మీద పడదు, నూలు మీద పడుతుంది. ఎక్కడ ఏ రంగు రావాలో లెక్క కట్టి, పేక దారాన్ని ముందే రబ్బరు పట్టీలతో గట్టిగా కట్టి, రంగులో ముంచి, విప్పి, ఆ తరువాత నేస్తారు. అలా కట్టడానికి ముందు దారాన్ని లెక్క ప్రకారం పరచాలి. అర్ధచంద్రాకారంలో కొయ్యలు దిగగొట్టిన చట్రానికీ, దానికి ఎదురుగా ఉన్న మరో కొయ్యకూ మధ్య దారం పట్టుకొని చేతిని ముందుకూ వెనక్కూ తిప్పుతూ ఉండడమే ఆసు పోయడం. ఒక్క చీరకు చెయ్యి సుమారు 9,000 సార్లు తిరగాలి. దాదాపు ప్రతి ఇంట్లో ఇది ఆడవాళ్ల పనే.

ఇప్పుడు మీ పదకొండు నిమిషాల సంగతి చూద్దాం. నిమిషానికి ముప్పై సార్లు చెయ్యి తిరిగిందనుకున్నా, మీ చిత్రం ముగిసేసరికి లెక్క మూడు వందల ముప్పై దగ్గర ఉంటుంది. చీరలో అది ఇరవయ్యో వంతుకైనా చేరదు. నిడివి ఎక్కువైందని అంటున్న మీ స్నేహితులకు ఈ లెక్క చెప్పండి. రెండు నిమిషాలలో చూపితే ప్రేక్షకుడికి ఆసు అంటే ఏమిటో తెలుస్తుంది. దానికి పాఠ్యపుస్తకంలో ఒక బొమ్మ చాలు. నాలుగో నిమిషంలో అతడికి విసుగు వస్తుంది, ఆరో నిమిషంలో తన భుజాన్ని తానే ఒకసారి కదిలించుకుంటాడు, సరిగ్గా ఆ సమయంలో మీ అమ్మగారు చెయ్యి గుంజుతున్నదని అంటారు. ఆ మాట రెండో నిమిషంలో వచ్చి ఉంటే సమాచారంగా మిగిలేది. ఏడో నిమిషంలో వచ్చింది కనుక దాన్ని ప్రేక్షకుడు కూడా తన భుజంతోనే వింటాడు.

ఒకే దృశ్యాన్ని ఎంతసేపైనా చూపవచ్చుననడానికి చాలామంది ఆండీ వార్హోల్ 1964లో తీసిన ‘ఎంపైర్’ చిత్రాన్ని ఉదాహరిస్తారు. న్యూయార్క్‌లోని ఒక ఆకాశహర్మ్యం వైపు కదలకుండా చూస్తూ ఉండే ఆ చిత్రం నిడివి ఎనిమిది గంటలు. ఆ తెగువ అంటే నాకు గౌరవమే. కానీ మీరు దాన్ని ఆదర్శంగా తీసుకోవద్దు. భవనానికి భుజం నొప్పి పుట్టదు. అక్కడ నిడివి దర్శకుడు పెట్టుకున్న నియమం; మీ దగ్గర నిడివిని పనే నిర్ణయిస్తున్నది. అందువల్ల మీకు నేను చెప్పేది కుదించమని కాదు, పెంచమని కూడా కాదు. దారం ఒక వరుస కొయ్యలను నింపడం ఎక్కడ మొదలై ఎక్కడ పూర్తవుతుందో చూసి, చిత్రం ఆ రెండు చోట్ల మొదలై ముగిసేలా మళ్లీ తీయండి. అది తొమ్మిది నిమిషాలు కావచ్చు, పదహారు కావచ్చు. గడియారాన్ని మీ చేతిలో ఉంచుకోకుండా అమ్మగారి చేతికి ఇవ్వండి.

మళ్లీ తీసేటప్పుడు కొన్ని జాగ్రత్తలు అవసరం. మీ చిత్రంలో ఎవరో వాకిలి దాటినప్పుడల్లా గదంతా ఒకసారి చీకటై మళ్లీ తేటపడుతున్నది. ఆ మార్పు గదిలో జరిగింది కాదు. వెలుతురును ఫోను తనంతట తానే సర్దుకోవడం వల్ల అలా కనబడుతుంది. వెలుతురునూ ఫోకస్‌నూ లాక్ చేసి తీయండి. అప్పుడు వాకిలి నుంచి వచ్చే ఎండ నేల మీద మెల్లగా జరగడం నిజంగా కనబడుతుంది. ట్యూబులైటు ఉన్న చోట సెకనుకు 25 ఫ్రేములు, షటర్ సెకనులో 50వ వంతు పెట్టుకోండి. మన కరెంటు 50 హెర్ట్‌జ్ కనుక, వేరే లెక్కలో తీస్తే చిత్రం మీద పట్టీలు పాకుతున్నట్టు కనబడే ప్రమాదం ఉంది. స్టాండు లేకపోతే నాలుగు ఇటుకలు చాలు. ధ్వనికి మరో ఫోను అమ్మగారి పక్కన, కొంగు తగలనంత దూరంలో పెట్టండి. దారం కొయ్యను ఒరుసుకునే సన్నని చప్పుడు, గాజు గాజుకు తగిలే చప్పుడు, పక్కింటి మగ్గం దడదడ అన్నీ అక్కడ ఉన్నాయి. వాటి మీద వేణువు పోయడమంటే పచ్చిపులుసులో పంచదార కలపడమే.

ఒక సంగతి మీకు తెలిసే ఉంటుంది. ఆలేరు దగ్గరి శారాజీపేటకు చెందిన చింతకింది మల్లేశం, తన తల్లి ఆసు పోస్తూ పడే భుజాల నొప్పిని చూడలేక ఏళ్ల తరబడి కష్టపడి, 1999లో లక్ష్మీ ఆసు యంత్రాన్ని పూర్తి చేశారు. 2017లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. ఒక కొడుకు అదే చేతిని చూసి యంత్రం చేశాడు, మరో కొడుకు చూసి చిత్రం తీశాడు. మొదటిదాని ప్రయోజనం ఎవరూ అడగనక్కరలేదు. మీ చిత్రానికి ఆ ప్రశ్న తప్పకుండా ఎదురవుతుంది, ముందుగా మీ ఇంట్లోనే ఎదురవుతుంది. అందుకే పూర్తయిన చిత్రాన్ని మొదట అమ్మగారికే, మొత్తం నిడివితో, ఆమె పని ముగించుకొని కూర్చున్న వేళ చూపండి. ఆమె వద్దంటే బయట పెట్టకండి.

ప్రశ్న: మా నాయన పదిహేనేళ్లు పుణె, ముంబయి వైపు భవనాల పనికి వలస పోయి, నిరుడు కాలం చేశాడు. ఆయన వీడియో ఒక్కటీ లేదు. మూడు ఫొటోలు, అమ్మకు వాట్సాప్‌లో పంపిన నలభైకి పైగా వాయిస్ మెసేజ్‌లు మాత్రం ఉన్నాయి. వీటితో చిత్రం తీయడం సాధ్యమేనా? (ఒక పాఠకురాలు, కోస్గి)

జవాబు: సాధ్యమే. మీ దగ్గర లేనిదాన్ని తెచ్చి నింపకపోతేనే అది మంచి చిత్రం అవుతుంది.

బ్రిటిష్ దర్శకుడు డెరెక్ జార్మన్ ఎయిడ్స్ సంబంధిత వ్యాధితో చూపు కోల్పోతున్న దశలో, 1993లో, ‘బ్లూ’ అనే చిత్రం తీశాడు. 79 నిమిషాల పాటు తెర మీద నీలి రంగు తప్ప మరేమీ ఉండదు. గొంతులు, చప్పుళ్లు, సంగీతం మాత్రం నడుస్తుంటాయి. చూపు పోతున్న మనిషి తీసిన చిత్రం అలా ఉండడంలో విచిత్రమేమీ కనబడదు. ఫ్రెంచి దర్శకుడు క్రిస్ మార్కర్ 1962లో తీసిన 28 నిమిషాల ‘లా జెటే’ దాదాపు మొత్తం నిశ్చల ఛాయాచిత్రాలతోనే నడుస్తుంది. ఒక్క చోట మాత్రం నిద్రలో ఉన్న స్త్రీ కళ్లు తెరుస్తుంది, ఆ కదలిక గుండెను తాకుతుంది. మీ మూడు ఫొటోలను ఎప్పుడు చూపాలో, ఎంతసేపు దాచాలో తేల్చుకోవడానికి ఈ రెండూ మీకు పనికివస్తాయి.

పాలమూరు వలస అనగానే మన చేతికి తయారుగా అందే దృశ్యాలు కొన్ని ఉన్నాయి. బీటలు వారిన చెలక, బస్టాండులో మూటలు, ముంబయి బస్సు వెనుక లేచే దుమ్ము. వాటి జోలికి పోకండి. అవి మీ నాయనవి కావు, ఎవరో ఎన్నడో తీసినవి. అందుకు బదులు నలభై మెసేజ్‌లనూ కాగితం మీద తేదీల వారీగా రాసుకోండి. ‘నేను మంచిగనే ఉన్న’ అనే మాట ఎన్నిసార్లు వచ్చిందో లెక్కపెట్టండి. మా వైపు ఏ వలస మనిషి మాటలోనైనా అది వస్తుంది. మీరు రాసినదాన్ని బట్టి ఆయన మాటల వెనుక కాంక్రీటు కలిపే యంత్రం, ఒకసారి లోకల్ రైలు, చాలాసార్లు ఎవరో దగ్గడం వినబడుతున్నాయి. ఆయన చెప్పని సంగతులన్నీ ఆ చప్పుళ్లలోనే ఉన్నాయి కనుక, ధ్వనిని శుభ్రం చేసే సాఫ్ట్‌వేర్‌కు దాన్ని అప్పగించకండి. తెర నల్లగా ఉంచండి. ఒక మెసేజ్‌కూ మరో మెసేజ్‌కూ మధ్య, అసలు వాటి మధ్య గడిచిన రోజులకు తగ్గట్టు, రోజుకు ఒక సెకను చొప్పున మౌనం ఇచ్చి చూడండి. నలభై రోజులు మాట లేని చోట నలభై సెకన్ల చీకటి వస్తుంది. అది భరించరానిదిగా ఉంటుంది. మీ అమ్మ భరించింది అదే కదా.

మెసేజ్‌లలో తోటి కూలీల పేర్లు, అప్పుల లెక్కలు ఉంటే వినబడకుండా చేయండి.

ప్రశ్న: ప్రయోగాత్మక చిత్రాలు తీయాలని ఉంది. అరవై వేల లోపు ఏ కెమెరా కొనాలి? కథ కూడా దొరకడం లేదు. (ఇద్దరు మిత్రులు, నల్లగొండ)

జవాబు: కొనకండి. అమెరికా దర్శకుడు స్టాన్ బ్రాకేజ్ 1963లో చిమ్మెట రెక్కలనూ, ఆకులనూ, గడ్డిపోచలనూ రెండు పారదర్శకమైన టేపుల మధ్య అతికించి, కెమెరానే వాడకుండా ‘మాత్‌లైట్’ అనే చిన్న చిత్రం చేశాడు. మీ ఫోను అంతకన్నా చాలా ఎక్కువ.

కథ విషయానికి వస్తే, మీ పట్టణం అంచుననే పానగల్లులో ఛాయా సోమేశ్వరాలయం ఉంది. గర్భగుడిలో లింగం వెనుక గోడ మీద స్తంభం ఆకారంలో పడే నీడ, సూర్యుడు ఎటు తిరిగినా పగలంతా ఒకే చోట నిలిచి ఉంటుంది. ఎదుట ఉన్న ఏ ఒక్క స్తంభానిదో కాదు అది. స్తంభాల సందుల నుంచి చెదిరి లోపలికి వచ్చే వెలుతురు కలిసి కట్టిన నీడ. సినిమా అంటే గోడ మీద కదిలే నీడ అని తెలిసినవాళ్లకు, కదలని నీడ కన్నా మంచి కథ ఎక్కడ దొరుకుతుంది? అనుమతి తీసుకొని, ఒకే చోట నుంచి, ఉదయం నుంచి సాయంత్రం దాకా గంటకు ఒక నిమిషం తీయండి. నీడ తప్ప మిగతావన్నీ కదులుతాయి. ఏమేం కదిలాయో నాకు రాయండి.

ప్రశ్న: మా చిత్రాన్ని పన్నెండు ఆన్‌లైన్ ఉత్సవాలకు రుసుము కట్టి పంపాము. నాలుగింటిలో ‘ఉత్తమ ప్రయోగం’ అవార్డు వచ్చింది కానీ ఒక్క మనిషి చూసినట్టు కూడా తెలియడం లేదు. (ఒక బృందం, వనపర్తి)

జవాబు: మీకు ఆ సంగతి అర్థమయ్యే రాశారనిపిస్తున్నది. ప్రతి నెలా జరిగి, డబ్బు కట్టిన వారందరికీ, పోస్టరు మీద అవార్డు చిహ్నంగా వేసుకునే ఆకుల గుర్తు పంపించే ఉత్సవాలు చాలా ఉన్నాయి. ప్రదర్శన ఏ ఊళ్లో, ఏ హాలులో జరుగుతుందో చెప్పని చోటికి పంపకండి. లఘుచిత్రాలకు నిజమైన తెర ఉన్న వేదికలు మన దేశంలోనే ఉన్నాయి. ముంబయిలో 1990 నుంచి రెండేళ్లకొకసారి జరిగే ఉత్సవం, 2008లో మొదలైన కేరళ డాక్యుమెంటరీ, లఘుచిత్రోత్సవం అలాంటివి. ఎంపిక కష్టమే, కానీ తిరస్కరించినా చూసి తిరస్కరిస్తారు.

అంతకన్నా ముందు వనపర్తిలోనే చూపండి. కేరళలో మలయాళ దర్శకుడు జాన్ అబ్రహాం మిత్రులతో కలిసి పెట్టిన ఒడెస్సా బృందం, ఊరూరా తిరిగి జనం దగ్గర చందాలు పోగుచేసి తీసిన చిత్రాన్ని 1986లో పూర్తి చేసి, తిరిగి ఆ జనానికే చూపించింది. మీరు అంత దూరం పోనక్కరలేదు. ఒక డాబా, తెల్ల దుప్పటి, అద్దె ప్రొజెక్టర్, ఇరవై మంది చాలు. ఇంట్లో మిత్రులకు చూపుకోవడం వేరు. హాలు తీసుకొని బహిరంగంగా వేస్తే మాత్రం 1952 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం ధ్రువపత్రం కావాలి. అది ఇచ్చే సెన్సార్ బోర్డు ప్రాంతీయ కార్యాలయం హైదరాబాదులోనే ఉంది.

చూసినవారిని ‘ఎట్లుంది’ అని అడగకండి. మన మర్యాద కొద్దీ అందరూ ‘మంచిగుంది’ అనే అంటారు. ‘మీకేం గుర్తుంది’ అని అడగండి. చాలా ఏళ్ల కిందట పాలమూరులో ఒక కళాశాల హాలులో మేము మూడు చిత్రాలు వేశాం. అధ్యాపకులు ఏకాంతం గురించీ, ఆధునిక మానవుడి గురించీ చాలాసేపు మాట్లాడారు. లైట్లు ఆర్పడానికి స్విచ్చుల దగ్గర కూర్చున్న వాచ్‌మన్‌ను కూడా అదే ప్రశ్న అడిగాను. “రెండో దాంట్ల కుక్క రెండుసార్లు పోయింది సార్, ముందు ఎడమకు, తర్వాత కుడికి. రెండుసార్లూ గదే కుక్క, గదే నడక” అన్నాడు. ఒక షాట్ తక్కువ పడి, ఉన్నదాన్నే అద్దంలో లాగా తిప్పి మళ్లీ వాడుకున్న సంగతి అప్పటిదాకా దర్శకుడికి తప్ప ఎవరికీ తెలియదు.